విప్రలంభమా, కరుణమా? ‘సాగర సంగమం’ – ఒక రసవిచారము

రసప్రకరణమును బోధించునపుడు విప్రలంభ శృంగారమునకు ఉదాహరణ మడిగినచో ఒకప్పటి విద్యార్థులు మేఘసందేశమునో, పారిజాతాపహరణమునో పేర్కొనెడివారు. నేటి విద్యార్థులు చలనచిత్రములను పేర్కొనుచున్నారు. అందును తరచుగా వినవచ్చు పేరు ‘సాగర సంగమం’. ఇందు తప్పుపట్టవలసినది లేదు. రసమును మొదట నిరూపించిన భరతుడు నాట్యమును దృష్టియందుంచుకొనియే నిరూపించెను గాని శ్రవ్యకావ్యమును కాదు. నటుడు, నర్తకి, గాయకుడు, ప్రేక్షకుడు కూడిన చోట పుట్టిన సిద్ధాంతమును తెరమీది నాట్యమునకు అన్వయింపరాదనుట న్యాయము కాదు. అయితే అన్వయించునపుడు శాస్త్రము కోరు నియమములను పాటింపవలెను. ప్రేమ ఫలింపని కథలన్నియు విప్రలంభములు కావు. ‘సాగర సంగమం’ విప్రలంభమేనా, కాక కరుణమా? ఈ ప్రశ్న కేవలము పేరును గూర్చిన తగవు కాదనియు, దీనికి చెప్పు సమాధానమునుబట్టి ఆ చిత్రమందలి స్త్రీపాత్రకు జరిగిన న్యాయాన్యాయములు తేలుననియు చూపుట ఈ వ్యాసోద్దేశము.

కె. విశ్వనాథ్ దర్శకత్వమున, ఏడిద నాగేశ్వరరావు నిర్మాణమున ఈ చిత్రము 1983లో వెలువడెను. బాలకృష్ణగా కమల్ హాసన్, మాధవిగా జయప్రద, మిత్రుడు రఘుగా శరత్ బాబు, శైలజగా ఎస్.పి. శైలజ నటించిరి. సంగీతమునకు ఇళయరాజా, గానమునకు ఎస్.పి. బాలసుబ్రహ్మణ్యము జాతీయ పురస్కారములను పొందిరి. తమిళమున ‘సలంగై ఒలి’ అను పేరను, మలయాళమున స్వనామముతోను ఇది అనువాదమైనది. మాటలు వ్రాసిన జంధ్యాల నరసాపురమున పుట్టినవారు. పాటలు వ్రాసిన వేటూరి సుందరరామమూర్తి పెదకళ్లేపల్లివారు. ఒకటి గోదావరి ఒడ్డు, ఒకటి కృష్ణ ఒడ్డు. ఈ రెండు నదుల నడిమి పల్లపుసీమలోనిదే మా ఉండి.

కథ సుప్రసిద్ధము. బాలకృష్ణ పేదవాడు, వంటలు చేసి బ్రతుకు తల్లికి కొడుకు. పలు నృత్యరీతులు నేర్చినను తన విద్యకు తగిన వేదిక దొరకనివాడు. కలిమిగల యింటి యువతి మాధవి అతని విద్యను గుర్తించి గొప్ప నృత్యోత్సవమున అవకాశము కల్పించును. ఆ సమయముననే తల్లి మరణించును, ప్రదర్శన జరుగదు. ఇరువురును ఒకరినొకరు వలతురు. పిమ్మట మాధవి వివాహిత యనియు, భర్తకు దూరమై యున్నదనియు బాలునకు తెలియును. ఆ భర్త తిరిగివచ్చి ఇరువురిని కలుపుటకు సిద్ధపడును. వివాహబంధమును మన్నించి బాలు ఆమెను భర్తతో పంపివేయును. ఏండ్లు గడచును. మద్యమునకు లోబడి, పత్రికకు నృత్యవిమర్శలు వ్రాసి బ్రతుకుచున్న బాలు ఒక యువనర్తకి ప్రదర్శనమును తీవ్రముగా విమర్శించును. ఆమె మాధవి కుమార్తె శైలజ. అప్పటికి భర్తను కోల్పోయిన మాధవి బాలును తన కుమార్తెకు గురువుగా చేయును. శిష్యురాలి నృత్యమునకు సభ హర్షధ్వానములు చేయుచుండగా గురువు కన్నుమూయును.

ఈ చిత్రమును నేను మొదట చూచినది 1990వ దశకమున, ఉండిలోని మా యింటి వసారాలో, ఇరుగుపొరుగువారి నడుమ, టెలివిజనులో. బాలు త్యాగమును పెద్దలందరును మెచ్చుకొనుచుండగా మా మామ్మ మాత్రము, “అంతా బాగానే ఉంది గానీ, నీకేం కావాలే అని ఆ పిల్లని ఒక్కళ్లయినా అడిగార్రా?” అనెను. ఎవరును బదులు చెప్పలేదు. ఆమెకు చదువు అంతంతమాత్రమే. కాని భామాకలాపము బాగుగా తెలియును. చిన్ననాట గుడి ముంగిట తెల్లవారుజాముదాక కూర్చుండి చూచిన సత్యభామను ఆమె తరచు తలచుకొనెడిది. ఆమె అడిగినది సత్యభామ నెరిగిన ప్రేక్షకురాలు అడుగవలసిన ప్రశ్నయే యని నాకు చాలకాలమునకు గాని తోపలేదు. దానిని శాస్త్రభాషలోనికి మార్చి చూచుటయే ఇక్కడ నేను చేయబూనినది.

మొదట శాస్త్రము. శృంగారమునకు సంభోగ విప్రలంభములని రెండు స్థితులు. విప్రలంభమునందును కన్నీరు, నిట్టూర్పు, చింత, నిర్వేదము కలవు; కరుణమునందును ఇవన్నియు కలవు. మరి భేద మెక్కడ? నాట్యశాస్త్రము ఆరవ అధ్యాయమున భరతుడు దీనికి సూటియైన సమాధానము చెప్పెను. కరుణము నిరపేక్షము, విప్రలంభము సాపేక్షము. పునస్సమాగమమందు ఆశ మిగిలియున్నంతవరకు అది విప్రలంభము. ఆ ఆశ తెగినచో అది కరుణము. అందు స్థాయి శోకమే గాని రతి కాదు. విశ్వనాథుడు సాహిత్యదర్పణమున విప్రలంభమును పూర్వరాగము, మానము, ప్రవాసము, కరుణము అని నాలుగు విధములుగా విభజించెను. అందలి కరుణవిప్రలంభమున సైతము, ఇరువురిలో ఒకరు లోకాంతరమును పొందినను, మరల కలిసికొందురను ఆశ యుండితీరవలెను. కాదంబరిలో మహాశ్వేతా పుండరీకుల కథ ఇట్టిది. ఆశ యనునది ఇంత ముఖ్యము.

రెండవ నియమము ఔచిత్యమును గూర్చినది. రతి ఉభయనిష్ఠము కావలెను. ఒక్కరియందే యున్నచో అది రసాభాసము. మాలతీమాధవమున మాలతియందు నందనుని కోరిక ఇందుకు ఉదాహరణముగా చెప్పబడినది. తెనుగున ఇందుకు ప్రసిద్ధోదాహరణము మనుచరిత్రమున ప్రవరునియందు వరూధిని వలపు. ఉపనాయకనిష్ఠమైన రతియు ఆభాసమే. కనుక ఫలింపని ప్రేమను చూచినప్పుడెల్ల మనము రెండు ప్రశ్నలు వేయవలెను. వలపు ఇరువైపుల కలదా? ఆశ మిగిలియున్నదా?

‘సాగర సంగమం’ను ఈ రెండు ప్రశ్నలతో చూతము. వలపు ఇరువైపుల కలదు. ఇది వరూధిని కథ కాదు. మాధవి వివాహిత యని తెలియువరకు నడచినది స్వచ్ఛమైన పూర్వరాగము. ఇందు దర్శకుడు చూపిన నేర్పు కొనియాడదగినది. బాలు సౌందర్యమును చూచి మాధవి వలచలేదు. అతని విద్యను చూచి వలచెను. మాధవి కలిమిని చూచి బాలు వలచలేదు. తన విద్యను గుర్తించిన కన్నును వలచెను. ఇట్లు నృత్యము ఆ రతికి ఉద్దీపనము మాత్రమే గాక, ఒకవిధముగా ఆలంబనమే యైనది. ఆహ్వానపత్రికలో తన చిత్రమును తానే చూచుకొని బాలు పొందు సంభ్రమము ఈ పూర్వరాగమునకు శిఖరము. అందు ప్రేమయు కృతజ్ఞతయు విడదీయరానివి.

వివాహవృత్తాంతము బయల్పడిన పిమ్మట ఈ రతి ఆభాసము కావలసినది. నాయికకు భర్త కలడు, బాలు పరపురుషుడు. ఈ అపాయమును తొలగించుటకే కథకుడు భర్తచేతనే అనుమతి నిప్పించెను. భర్త అంగీకరించిన తరువాత ఔచిత్యభంగమునకు తావు లేదు. సమాగమమునకు అడ్డు లేదు. సరిగా ఆ నిమిషముననే బాలు అడ్డుపడును. ఇది మిక్కిలి గమనింపదగిన విషయము. ఈ వియోగమునకు విధి కారణము కాదు, శాపము కాదు, ప్రవాసము కాదు. నాయకుని నిర్ణయము కారణము.

ఇదే దర్శకుడు రెండేండ్లకు ముందు, 1981లో, ‘సప్తపది’ని నిర్మించియుండెను. అందును నాయిక నర్తకి; అందును ఆమె మనస్సు ఒకనియందు, మెడలో తాళి మరొకనిది. అక్కడ భర్తయు, ఆచారపరుడైన తాతయు తమ అధికారమును తామే విడిచి ఆమెను వలచినవాని యొద్దకు సాగనంపుదురు. మంత్రము ముఖ్యమా, మనస్సు ముఖ్యమా అను ప్రశ్నకు ‘సప్తపది’ మనస్సే యని బదులు చెప్పినది. ‘సాగర సంగమం’ అదే ప్రశ్నకు మంత్రమే యని బదులు చెప్పినది. ఒకే కవి రెండు కావ్యములలో రెండు సమాధానములు చెప్పుట దోషము కాదు. కాని ‘సప్తపది’లో నాయిక మనస్సు కథకు కేంద్రము, తక్కినవారందరును దానిని తెలిసికొనుటకే ప్రయత్నింతురు. ‘సాగర సంగమం’లో నాయిక మనస్సు అందరికిని ముందే తెలియును, తెలిసినందువలననే దానిని అడుగవలసిన పని ఎవరికిని లేకపోయినది. మా మామ్మ ప్రశ్న సరిగా ఇక్కడ తగులును.

ఈ త్యాగముతో బాలువైపున ఆశ తెగినది. అతడు ఆమెకై నిరీక్షించుట లేదు. ఆమె తిరిగివచ్చుటను కోరుటయు లేదు. వచ్చినచో తన త్యాగమే వ్యర్థమగును. కనుక అతని తరువాతి జీవితము విరహము కాదు, శోకము. మద్యము విరహోపచారము కాదు. తన్ను తాను కాల్చుకొనుట. శాస్త్రదృష్టితో చెప్పవలెనన్నచో, పూర్వార్ధము పూర్వరాగ విప్రలంభము, ఉత్తరార్ధము కరుణము. మన విద్యార్థుల సమాధానము సగము మాత్రమే సరియైనది.

ఇట్టి కరుణమునకు మన సాహిత్యమున దగ్గరి పోలిక విరహకావ్యములలో దొరకదు. భవభూతి ఉత్తరరామచరితమున దొరకును. అక్కడను ఎడబాటునకు హేతువు నాయకుని నిర్ణయమే. దానికి ఆధారము ధర్మమే. అక్కడను సీతను ఎవరును అడుగలేదు. రాముని శోకమున శోకముతోపాటు కర్తృత్వభారము కూడ కలదు. తాను చేసినదానికి తానే దుఃఖించువాని శోకమది. బాలు శోకమును అట్టిదే. అందువలననే అది సామాన్యమైన ప్రేమవైఫల్యమువలె ప్రేక్షకునికి జాలి మాత్రమే కలిగింపక, గౌరవమును కూడ కలిగించుచున్నది.

ఇంతవరకు నిర్ణయము సులభము. దీనిని కలతపెట్టునది వానలో బావిపై జరుగు నృత్యఘట్టము. మత్తులోనున్న బాలు బావిగట్టుపై నర్తించుచుండును. మాధవి వచ్చును. ఆమె నుదుట కుంకుమ కలదు. వాన ఆ కుంకుమను కరగింపబోవగా బాలు అరచేయి అడ్డుపెట్టి కాపాడును. తెలుగు ప్రేక్షకులు మరువని దృశ్యములలో ఇది యొకటి. దీనిని సామాన్యముగా బాలు ఔదార్యమునకు పరాకాష్ఠగా వ్యాఖ్యానింతురు. తాను పొందలేని స్త్రీ సౌభాగ్యమును తానే రక్షించుచున్నాడని చెప్పుదురు. అది నిజమే. కాని అది సగమే. ప్రేక్షకుడు ఎరిగినది బాలు ఎరుగడు. మాధవి భర్త గతించినాడు. ఆ కుంకుమ బాలుకొరకు పెట్టుకొన్నది.

దీని ఫలితమును రసపరముగా ఆలోచింపుడు. ఈ ప్రేమను కరుణముగా మార్చినది మాధవి వివాహము. ఆ ప్రతిబంధకము ఇప్పుడు లేదు. అనగా, శాస్త్రప్రకారము ఆశకు తిరిగి చోటు కలిగినది. కరుణము మరల విప్రలంభము కాగలదు. ఆ సంగతి ఎరిగినది ఒక్క మాధవియే. ఆమెయే దానిని కుంకుమతో కప్పివేసెను. ఏల? భర్త లేడని తెలిసినచో, ఎవని సంసారమును నిలుపుటకై తాను సర్వమును విడిచెనో ఆ సంసారమే నిలువలేదని బాలు కుములును. అతని త్యాగమునకు విలువ చెడకుండుటకై ఆమె అబద్ధమును నుదుట ధరించెను. కనుక ఆ వానలో ఇరువురు త్యాగులున్నారు. ఒకని త్యాగము అందరికిని కనబడును. రెండవదాని నా మొదటి త్యాగముయొక్క చేయియే కప్పివేయుచున్నది. బాలు కాపాడుచున్నది ఆమె సౌభాగ్యమును కాదు, ఆమె అబద్ధమును. నా అభిప్రాయమున ఈ చిత్రమందలి అత్యుత్తమ ధ్వని ఇదియే.

ఉత్తరరామచరితము తృతీయాంకమును ఇక్కడ మరల జ్ఞప్తికి తెచ్చుకొందము. సీత ఎవరికిని కనబడకుండ రాముని చెంత నిలిచి, అతని శోకమును వినుచు, మూర్ఛిల్లిన అతనిని స్పర్శతో తేర్చును. ఒకరికి తెలిసినది రెండవవారికి తెలియదు. స్థితి ఇదియే. భేద మొక్కటి. భవభూతి సీతప్రక్కన తమసను నిలిపెను. రామునికి వినబడని మాటలను సీత తమసతో చెప్పుకొనును. ప్రేక్షకుడు ఆ మాటలను వినును. మాధవిప్రక్కన తమస లేదు.

ఈ లోపము యొక్క బరువు తెలియవలెనన్నచో మన నాట్యసంప్రదాయమును తలచుకొనవలెను. ఉండి నుండి ఆకివీడు, కైకలూరు మీదుగా కొల్లేటి అంచున సాగి, గుడివాడ, పామర్రు దాటినచో కూచిపూడి వచ్చును. ఆ గ్రామమునకు కీర్తి తెచ్చిన భామాకలాపము సిద్ధేంద్రయోగి రచన యని సంప్రదాయము. సత్యభామ మొదట స్వాధీనపతిక. గర్వముచేత కృష్ణునికి దూరమై పిదప విరహోత్కంఠిత. కృష్ణుడు రంగమున కనబడునది మిక్కిలి కొద్దిసేపు. రేయంతయు మాటలాడునది, ఆడునది, పాడునది, అలుగునది, లేఖ వ్రాయునది సత్యభామ. సమీపమున పుట్టిన క్షేత్రయ్య పదములును ఇట్టివే. మువ్వగోపాలుని గూర్చి పలుకునది స్త్రీకంఠము. తెలుగు నాట్యమున విప్రలంభము స్త్రీవాక్కు. కూచిపూడిలో ఆ వాక్కును శతాబ్దములపాటు పురుషులే స్త్రీవేషము ధరించి పలికిరి. 2012లో దివంగతులైన వేదాంతం సత్యనారాయణశర్మ సత్యభామ వేషమునకు దేశమంతట ఖ్యాతి గాంచిరి. గోదావరి మండలములలో కళావంతులైన స్త్రీలును భామాకలాపమును ప్రదర్శించెడివారు. వేషము వేసినది పురుషుడైనను స్త్రీయైనను, అడుగు అధికారము సత్యభామదే. నీవేల రావు? నాయందు దోషమేమి? ఇప్పుడు నేనేమి చేయవలెను? ఈ ప్రశ్నలే ఆ కలాపమునకు ప్రాణము.

భామాకలాపమున సత్యభామకు సఖి కలదు. సత్యభామ మనస్సును ఆమెయే రాబట్టును, ఎగతాళి చేయును, లేఖను కొనిపోవును. ఆ సఖి పేరు మాధవి. ‘సాగర సంగమం’ నాయకుని పేరు బాలకృష్ణ, నాయిక పేరు మాధవి. ఈ పేర్లు బుద్ధిపూర్వకముగా పెట్టినవని నేను వాదింపను. కాని ఈ సామ్యము కథానిర్మాణమును చక్కగా వెలిగించుచున్నది. చిత్రమందలి మాధవి చేయు పనులన్నియు దూతిక చేయు పనులు. బాలును వేదికవద్దకు చేర్చునది ఆమె. ఆహ్వానపత్రికను తెచ్చునది ఆమె. అతనిని శిష్యురాలితో కలుపునది ఆమె. నాయికయై యుండియు ఆమె నాయకునికి, అతని కళకు నడుమ దూతికగానే బ్రతికినది. సఖి పేరు గల నాయికకు సఖి లేదు. బాలునకు రఘు కలడు. అతని దుఃఖమంతయు ఆ స్నేహమున మాటగా వెలువడును. రఘు మాధవికిని హితుడే. కాని ఆమె అతనితో పంచుకొను ఆరాటము ప్రధానముగా బాలు క్షేమమును గూర్చినదే. యుగళగీతమున ఆమె బాలుతో కూడి నర్తించును గాని, తన దుఃఖమును తానై అభినయించు నృత్యము ఆమెకు లేదు. నాయకుని శోకమునకు బావిగట్టు కూడ రంగస్థలమైనది. నాయిక శోకమునకు రంగస్థలము దొరకలేదు.

సిద్ధేంద్రుని గూర్చిన ఐతిహ్యము కూడ ఇక్కడ ఉపకరించును. వివాహితుడైన అతడు భార్యను చూడబోవుచు వరదలోనున్న ఏటిలో చిక్కి, ఆపత్సన్న్యాసము స్వీకరించి బయటపడెననియు, ఆ పిమ్మట సంసారమునకు మరలక కృష్ణభక్తుడై కలాపమును రచించెననియు చెప్పుదురు. ఈ కథ చారిత్రకమా కాదా అనునది వేరు విషయము. దాని భావము మనకు ముఖ్యము. అక్కడను ప్రేమ విడువబడినది. ఆ విడిచినదానినుండి కళ పుట్టినది. కాని విడిచిన పురుషుడు తన శోకమును పాడుకొనలేదు. విడువబడిన స్త్రీకి గొంతునిచ్చెను. బాలు కథ ఈ సంప్రదాయమునకు తిరుగుడు పడిన రూపము. ఇక్కడ విడిచినవాడే నర్తించెను. విడువబడినది మౌనము వహించెను.

మౌనమును అనుభావమే గదా, స్తంభాశ్రువులు సాత్త్వికములు గదా, జయప్రద కన్నులలో చెప్పినది మాటలలో చెప్పవలెనా యని ఆక్షేపింపవచ్చును. ఆ నటి అభినయము ఈ పాత్రను కాపాడినదనుటలో సందేహము లేదు. శైలజ ప్రదర్శనమును విమర్శించుచు బాలు చెప్పునదియు ఇదే: దేహప్రదర్శనము కంటె భావము మిన్న. పత్రికా కార్యాలయమున ఒకే విషయమును భిన్నరీతులలో ఆడి చూపు ఘట్టము నృత్యవిమర్శకు ఒక పాఠమువంటిది. అయినను నా ఆక్షేపణ నటిపై కాదు, కృతిపై. ఆంగిక వాచిక ఆహార్య సాత్త్వికములు నాలుగింటిలో ఆహార్యమైన కుంకుమకు కృతి ఇంతటి శక్తినిచ్చి, వాచికమును మాత్రము ఆమెకు నిరాకరించెను. పాత్ర స్వభావముచేత మాటలాడకుండుట వేరు. మాటలాడు సందర్భమే కల్పింపబడకుండుట వేరు.

ఈ నిరాకరణము అనివార్యము కాదని చూపుటకు పొరుగు భాషలోని ఒక చిత్రమును పరిశీలింతము. షాజీ ఎన్. కరుణ్ దర్శకత్వమున 1999లో వెలువడిన మలయాళ చిత్రము ‘వానప్రస్థం’ ఆ యేటి ఉత్తమ కథాచిత్రముగా జాతీయ పురస్కారమును పొందినది. మోహన్‌లాల్ ఉత్తమ నటుడాయెను. అందు కుంజికుట్టన్ కథకళి నటుడు. ఉన్నతకులజుడైన తండ్రిచేత కొడుకుగా అంగీకరింపబడనివాడు. విద్యావతియు ఉన్నత వంశజయు నగు సుభద్ర అతని అర్జునవేషమును చూచి వలచును. ఆ పాత్రను ధరించినది సుహాసిని. సుభద్ర వలచినది అర్జునుని, కుంజికుట్టనును కాదు. బిడ్డ కలిగిన పిమ్మట వేషము తీసివేసిన మనుష్యుని ఆమె దగ్గరకు రానీయదు, కన్నబిడ్డను చూడనీయదు.

ఇది రసశాస్త్రమందలి ఒక ప్రాచీన వివాదమును కథగా మార్చినట్లున్నది. రతి అనుకార్యునియందా, అనుకర్తయందా? చిత్రమందలి గుర్రమును గుర్రమే యని గ్రహించినట్లు ప్రేక్షకుడు నటునియందు రాముని గ్రహించునని శంకుకుడు చెప్పెను. భట్టనాయకుడు సాధారణీకరణమును ప్రతిపాదించెను. అభినవగుప్తుడు దానిని స్వీకరించి, రసాస్వాదము సహృదయుని హృదయమందే యని స్థాపించెను. సుభద్ర సహృదయురాలే, కాని ఆస్వాదముతో తృప్తి పొందక అనుకార్యునే పొందగోరెను. అనుకార్యుడు లోకమున లేడు గనుక అనుకర్తను పొందెను; పొంది తిరస్కరించెను. కనుక ‘వానప్రస్థం’ నిజమైన అనుభయనిష్ఠము. నటుడు వలచినది స్త్రీని. స్త్రీ వలచినది పాత్రను. తెలుగువారికి ఈ సుభద్రార్జునులు చేమకూర వేంకటకవి విజయవిలాసమువలన మిక్కిలి పరిచితులు. అందు ఇరువురును ఒకరినిగూర్చి యొకరు విని వలతురు. చూచిన పిమ్మట ఆ వలపు వర్ధిల్లును. ‘వానప్రస్థం’లో ఊహించినవాడు వేరు, ఎదుట నిలిచినవాడు వేరు.

రెండు చిత్రముల బలాబలములు ఇక్కడ తేటపడును. ‘వానప్రస్థం’లో సుభద్రకు కలము కలదు. ఆమె తన కథను తానే నాటకముగా రచించుకొనును. తన కోరికను తానే ప్రకటించును. నిరాకరణమును తానే చేయును. ఆమె క్రూరముగా తోచవచ్చును. కాని ఆమెకేమి కావలెనో ప్రేక్షకుడు సందేహింప నక్కరలేదు. అక్కడ మూగవోయినది పురుషుడు. కడపట అతడు అర్జునుడై, తన కుమార్తెనే సుభద్రగా నిలిపి ఆడి, అట్లే మరణించును. అతని కళ శిష్యపరంపరగా మిగులదు. ఒక భయంకరమైన ప్రశ్నగా మిగులును. ‘సాగర సంగమం’ అట్టి చీకటిలోనికి పోదు. బాలు విద్య శైలజకు సంక్రమించును. తాను పొందలేని స్త్రీ కుమార్తెకు తన విద్యనంతయు ధారపోయుటలో రతి వాత్సల్యముగా మారినది. మలయాళ చిత్రమున కుమార్తె తండ్రి పగకు సాధనమైనది. తెలుగు చిత్రమున కుమార్తె గురువు ముక్తికి మార్గమైనది. కరుణము శాంతమున విశ్రమించుట ఇట్లు సాధ్యమైనది. ఈ పరిణామమే ‘సాగర సంగమం’ను నిలబెట్టినది. 2023లో విశ్వనాథ్ దివంగతులైనప్పుడు తెలుగువారు ఈ చిత్రమును మరల మరల తలచుకొనుటకును ఇదియే కారణమని నా నమ్మకము.

ఇక నిర్ణయము. ‘సాగర సంగమం’ అంగిరసము కరుణము. పూర్వరాగరూపమైన విప్రలంభము దానికి అంగము. వాత్సల్యముద్వారా అది శాంతమునకు చేరును. అయితే మాధవివైపునుండి చూచినచో ఈ లెక్క సరిపడదు. భర్త గతించిన తరువాత ఆమెకు ఆశపడుటకు అవకాశ మున్నది. ఆ ఆశను ఆమెయే దాచెను. కనుక ఒకే కథలో నాయకునికి కరుణము, నాయికకు వ్యక్తము కాని విప్రలంభము నడచుచున్నవి. వ్యక్తము కాని భావము రసము కాజాలదు. వ్యంజించుటకు విభావములన్నియు సమకూర్చి, పలుకుటకు ఒక్క సఖిని ఇవ్వకపోవుట ఈ ఉత్తమకృతిలోని లోపము. ఇది చిన్నలోపము కాదు. మన నాట్యము స్త్రీకి ఇచ్చిన ప్రధానాధికారమును తీసివేసిన లోపము.

పరిశోధక విద్యార్థులకు ఒక్క మనవి. చలనచిత్రములకు రసనామములను తగిలించుట సులభము. అట్టి పట్టికలు సిద్ధాంతగ్రంథములలో పుటలకు పుటలు నిండుచున్నవి. దానికంటె అవసరమైన ప్రశ్నలు వేరు. ఆశ ఎవరికి మిగిలినది? దుఃఖమును పలుకు అవకాశ మెవరికి దొరకినది? వినుటకు ప్రక్కన ఎవరున్నారు? ఈ మూడు ప్రశ్నలు నేను గ్రంథములలో నేర్చుకొన్నవి కావు. మా మామ్మ ఇప్పుడు లేదు. ఆనాడు వసారాలో ఆమె అడిగినదానికి ఎవరును బదులు చెప్పలేదంటిని. ఇంత విచారించిన పిమ్మట చెప్పదగిన బదులు ఇది: ఎవరును అడుగలేదు, అడుగకపోయినను ఆ పిల్ల తన సమాధానమును నుదుట పెట్టుకొని వానలో నిలిచినది. దానిని చదువగలవారు ఆ కథలో లేరు, చదువవలసినవారము మనము.